సరుకు లేని రసీదు

భారతీయ స్టేట్ బ్యాంకు ఉద్యోగి ఒకడు బొంబాయిలోని ఒక పత్రికా కార్యాలయానికి వస్తాడు. తన పేరు బయటపడితే ఏమవుతుందోనన్న బెదురు అతని ప్రతి కదలికలోనూ కనిపిస్తుంది. అయినా చెప్పదలచుకున్న మాట చెప్పకుండా వెనుదిరగడు. బ్యాంకు లెక్కలలో 500 కోట్ల రూపాయలు కనిపించడం లేదు!

‘స్కామ్ 1992’ అనే హిందీ ధారావాహిక కథ ఇలా మొదలవుతుంది. హన్సల్ మెహతా దర్శకత్వంలో పది భాగాలుగా తయారైన ఈ చిత్రం 2020 అక్టోబరు 9న సోనీ లివ్‌లో విడుదలైంది. కరోనా మహమ్మారి వల్ల దేశ ప్రజలలో అధిక భాగం ఇళ్లకే పరిమితమై ఉన్న రోజులవి. అంతవరకు గుజరాతీ నాటకరంగానికీ, గుజరాతీ చిత్రాలకూ మాత్రమే బాగా పరిచితుడైన ప్రతీక్ గాంధీ, షేరు దళారీ హర్షద్ మెహతా పాత్ర ధరించి ఒక్కసారిగా దేశమంతటికీ తెలిసిన నటుడయ్యాడు. పాటలు లేవు, పోరాటాలు లేవు. బ్యాంకు గుమాస్తాలు, రసీదులు, చెక్కులు, టెలిఫోన్లు, ఇవే అందులోని సామగ్రి. అయినా ప్రేక్షకులు రాత్రి తెల్లవార్లూ కూర్చుని చూశారు.

అంకెల కథ అంతగా ఆకట్టుకోవడానికి కారణమేమిటి? ఆ అంకెల వెనుక ఉన్నది తమ సొమ్మేనని ప్రేక్షకుడు గ్రహించడమే.

కథ బొంబాయిది, ప్రేక్షకుడు బారిడీహ్‌వాడు

జంషెడ్‌పూర్ నగరానికి తూర్పు వైపున ఉన్న బారిడీహ్ పేటను బొంబాయి షేరు బజారుతో ముడిపెట్టడం మొదట వింతగానే తోచవచ్చు. ఉక్కు కర్మాగారపు ఉద్యోగుల క్వార్టర్లు, మెర్సీ ఆసుపత్రి, 2020లో ప్రారంభమైన మణిపాల్ టాటా వైద్య కళాశాల, ఇవీ ఆ పేట ఆనవాళ్లు. శ్రీకాకుళం, గంజాం ప్రాంతాల నుండి కొలిమి పనికై వలస వచ్చిన తెలుగువారి మనుమలు, మునిమనుమలు జంషెడ్‌పూర్‌లో నేటికీ కాపురముంటున్నారు. షిఫ్టు సైరను చొప్పున నడిచే ఆ జీవితాలకు దళాల్ వీధి చాలా దూరం.

కాని ఆ నగరం పుట్టుకను తలచుకుంటే ఆ దూరం ఇట్టే తరిగిపోతుంది. టాటా ఐరన్ అండ్ స్టీల్ కంపెనీ 1907 ఆగస్టు 26న ఏర్పడింది. అంతకుముందు మూలధనం కోసం లండన్ నగరాన్ని ఆశ్రయించగా అక్కడి ధనికులు ముఖం చాటేశారు. అప్పుడు జంషెట్జీ టాటా కుమారుడు దొరాబ్జీ, ఆయన సహచరులు స్వదేశీయులనే అర్థించారు. బొంబాయిలోని టాటా కార్యాలయం ముందు ఉదయం మొదలు రాత్రి వరకు జనం బారులు తీరారు. మూడే మూడు వారాలలో 16 లక్షల 30 వేల పౌండ్ల మూలధనం పోగయింది. ఇచ్చినవారు దాదాపు 8,000 మంది భారతీయులు.

ఆనాటికి కర్మాగారం లేదు, కొలిమి లేదు. సాక్చి అనే చిన్న పల్లె మాత్రమే ఉన్నది. కళ్లెదుట లేని ఉక్కు కోసం, ఒక కాగితాన్నీ ఆ కాగితం మీది మాటనూ నమ్మి వారు డబ్బు కట్టారు. 1912 ఫిబ్రవరిలో తొలి ఉక్కు దిమ్మె బయటపడినప్పుడు ఆ కాగితం మాట నిలబెట్టుకొన్నది. బారిడీహ్‌తో సహా ఆ నగరమంతా ఈ విధంగా షేరు పత్రాలపై వెలసినదే.

షేరు బజారుకు ఉన్న ఉదాత్తమైన ముఖమిది. ఎనభై అయిదేళ్ల తరువాత బొంబాయిలో బయటపడినది దాని రెండవ ముఖం. కాగితం అదే, నమ్మకం అదే. కాగితం వెనుక ఉండవలసిన సరుకు మాత్రం లేదు.

పదిహేను రోజుల అప్పు

హర్షద్ మెహతా ఏ ఇనుప పెట్టెనూ పగులగొట్టలేదు. బ్యాంకుల మధ్య నిత్యం జరిగే ఒక సాధారణ వ్యవహారంలో తలుపు తీసి ఉండడం గమనించి లోపలికి నడిచాడు. ధారావాహిక గొప్పదనమంతా ఈ నడక మర్మాన్ని సామాన్యుడికి విప్పి చెప్పడంలోనే ఉన్నది.

బ్యాంకులు తమ డిపాజిట్లలో నిర్ణీత భాగాన్ని ప్రభుత్వ రుణపత్రాల రూపంలో ఉంచుకోవాలన్నది చట్టం. 1990ల తొలినాళ్లలో ఆ భాగం నూటికి 38.5 వంతుల వరకు ఉండేది. ఒక బ్యాంకు దగ్గర పత్రాలు మిగులుతాయి, మరొక బ్యాంకు దగ్గర నగదు మిగులుతుంది. నగదు కావలసిన బ్యాంకు పత్రాలను అమ్ముతుంది. పదిహేను రోజుల వంటి కొద్ది గడువు తరువాత ముందే అనుకొన్న ధరకు తిరిగి కొంటుంది. దీనినే ‘రెడీ ఫార్వర్డ్’ అన్నారు. పేరుకు క్రయవిక్రయం, నిజానికి తాకట్టు అప్పు.

ఇన్ని కోట్ల పత్రాలను మాటిమాటికీ చేతులు మార్చడం శ్రమ అనుకొని బ్యాంకులు ఒక సులువు కనిపెట్టాయి. పత్రాలకు బదులు ‘బ్యాంకు రసీదు’ రాసి ఇచ్చేవి. “మీ డబ్బు ముట్టినది, మీరు కొన్న పత్రాలు మా వద్ద భద్రంగా ఉన్నవి” అని దాని సారాంశం. గిడ్డంగిలో ధాన్యం బస్తాలు దించి రసీదు పుచ్చుకొనే రైతుకు ఈ పద్ధతి కొత్త కాదు. ఆ రసీదు చూపితే షావుకారు అప్పిస్తాడు. అయితే బస్తాలు దించకుండానే గిడ్డంగివాడు రసీదు రాసి ఇస్తే? అదే రసీదు మీద నలుగురు షావుకార్లు అప్పు ఇస్తే?

సరిగా అదే జరిగింది. బ్యాంక్ ఆఫ్ కరాడ్, మెట్రోపాలిటన్ కోఆపరేటివ్ బ్యాంకు అనే రెండు చిన్న బ్యాంకులు వెనుక పత్రాలు లేకుండానే రసీదులు జారీ చేశాయి. పెద్ద బ్యాంకులు వాటిని కళ్లకద్దుకొని పుచ్చుకొని డబ్బు విడుదల చేశాయి. నిబంధనల ప్రకారం బ్యాంకు నుండి బ్యాంకుకు పోవలసిన డబ్బు, మధ్యవర్తిగా ఉండవలసిన దళారీ ఖాతాలోకి చేరింది. ఒక బ్యాంకు పేర రాసిన చెక్కును దళారీ ఖాతాకు జమకట్టే ఆచారం కూడా చల్లగా స్థిరపడిపోయింది. గడువు నాటికి మరొక బ్యాంకు నుండి తెచ్చి మొదటి బ్యాంకుకు కట్టేవాడు. చక్రం తిరుగుతున్నంతకాలం ఎవరికీ నష్టం కనిపించదు. చక్రం తిరిగే ఆ కొద్ది రోజులూ డబ్బు షేరు బజారులో ఉండేది.

దాని ప్రభావం బజారు మీద ఎట్లా ఉన్నదో అంకెలే చెబుతాయి. బొంబాయి సూచిక సెన్సెక్స్ 1990 జూలై 25న తొలిసారి 1,000 దాటింది. 1992 జనవరి 15న 2,000, ఫిబ్రవరి 29న 3,000, మార్చి 30న 4,000 దాటింది. తొలి వేయి నుండి రెండవ వేయికి ఏడాదిన్నర పట్టగా, ఆ తరువాతి రెండు వేలకు రెండున్నర నెలలే చాలాయి. దాదాపు 200 రూపాయలున్న ఎ.సి.సి. సిమెంటు షేరు 9,000 దరిదాపులకు పోయింది. ఒక కంపెనీ విలువను దాని లాభాలతో కొలవరాదు, అటువంటి కర్మాగారాన్ని నేడు కొత్తగా కట్టాలంటే ఎంత ఖర్చవుతుందో దానితో కొలవాలి అని హర్షద్ సిద్ధాంతం చెప్పేవాడు. పెరుగుతున్న బజారులో సిద్ధాంతాలను ఎవరు పరీక్షిస్తారు? పక్కింటివాడు లాభం పొందాడన్న వార్తను మించిన ప్రమాణం ఆ రోజుల్లో లేకపోయింది.

కావలివాళ్లు ఎక్కడ?

దొంగతనం కథ విన్న ప్రతివాడూ అడిగే ప్రశ్న ఇది. ధారావాహిక కూడా అడుగుతుంది.

కావలివాళ్లు లేకపోలేదు. ప్రభుత్వ రుణపత్రాల యాజమాన్యాన్ని నమోదు చేసే పెద్ద పుస్తకం రిజర్వు బ్యాంకువారి పబ్లిక్ డెట్ ఆఫీసులో ఉండేది. అయితే ఆ పుస్తకాన్ని చేతితో రాసేవారు. లెక్క ఎక్కడానికి రోజులు పట్టేది. వేల కోట్ల వ్యవహారం టెలిఫోను వేగంతో సాగుతుంటే, దానిని పట్టవలసిన లెక్క గుమాస్తా కలం వేగంతో నడిచింది. ఈ రెండు వేగాల నడుమ ఉన్న సందులోనే దళారీ కాపురం పెట్టాడు.

షేరు బజారును కనిపెట్టి ఉండవలసిన సంస్థ సెబీ. 1988 ఏప్రిల్ 12న అది ఏర్పడినప్పటికీ దాని చేతికి చట్టం ఇచ్చిన కర్ర లేదు. అది విచారించవచ్చు, సలహా చెప్పవచ్చు; శిక్షించే అధికారం లేదు. ఆంధ్రప్రదేశ్ క్యాడరుకు చెందిన ఐ.ఎ.ఎస్. అధికారి జి.వి. రామకృష్ణ అధ్యక్షుడుగా ఉన్న కాలంలో, 1992 జనవరి 30న ఆర్డినెన్సు ద్వారా, పిమ్మట ఏప్రిల్‌లో శాసనం ద్వారా దానికి చట్టబద్ధమైన అధికారాలు వచ్చాయి. కావలివాని చేతికి కర్ర అందిన నెలలోనే ఇల్లు దోపిడీ అయినట్లు బయటపడటం చరిత్రలోని చిత్రమైన పొందికలలో ఒకటి.

బ్యాంకులను చూసేవారు బజారును చూడరు. బజారును చూసేవారు బ్యాంకులను చూడలేరు. డబ్బు మాత్రం రెండు పెరళ్ల మధ్య ఉన్న కంచెను రోజూ దాటి పోతూ వస్తూ ఉన్నది.

ఒక వార్త

1992 ఏప్రిల్ 23. టైమ్స్ ఆఫ్ ఇండియా పత్రికలో సుచేతా దలాల్ రాసిన వార్త వెలువడింది. స్టేట్ బ్యాంకు లెక్కలలో 500 కోట్లకు పైగా తేడా ఉన్నదని, ఒక పెద్ద దళారీని ఆ సొమ్ము సర్దమని బ్యాంకు కోరిందని దాని తాత్పర్యం. పంజరం తలుపు తెరిచినట్లు ఒకటొకటిగా నిజాలు బయటకు ఎగిరాయి. ఏప్రిల్ 28న ఒక్కరోజునే సెన్సెక్స్ 570 పాయింట్లు, అంటే నూటికి 12.77 వంతులు కూలిపోయింది.

ధారావాహికలో ఈ విలేకరి పాత్ర ధరించిన శ్రేయా ధన్వంతరి హైదరాబాదులో పుట్టిన తెలుగు యువతి. వరంగల్లు జాతీయ సాంకేతిక విద్యాసంస్థలో ఇంజనీరింగు చదివింది. ‘స్నేహగీతం’ అనే తెలుగు చిత్రంలో నటించింది. అడిగిన ప్రశ్ననే మళ్లీ అడగడం, తెలియనిది తెలియదని ఒప్పుకొని నేర్చుకోవడం, పెద్దవారు గదమాయించినా కాగితం చూపమని పట్టుబట్టడం, ఈ గుణాలను ఆమె ఆర్భాటం లేకుండా చూపింది. సుచేతా దలాల్, దేవాశిస్ బసు కలిసి 1993లో వెలువరించిన ‘ది స్కామ్’ గ్రంథమే ధారావాహికకు ఆధారం. సుచేతా దలాల్‌ను భారత ప్రభుత్వం 2006లో పద్మశ్రీతో గౌరవించింది.

రిజర్వు బ్యాంకు డిప్యూటీ గవర్నరు ఆర్. జానకిరామన్ అధ్యక్షతన ఏర్పడిన సంఘం మొత్తం తేడాను సుమారు 4,024 కోట్ల రూపాయలుగా లెక్క తేల్చింది. రామ్ నివాస్ మిర్ధా అధ్యక్షతన సంయుక్త పార్లమెంటరీ సంఘం విచారణ జరిపింది. బ్యాంక్ ఆఫ్ కరాడ్ మూతపడింది. కేంద్ర నేర పరిశోధన సంస్థ నవంబరులో హర్షద్‌ను అరెస్టు చేసింది.

1993 జూన్ 16న హర్షద్ పత్రికల వారిని పిలిచి, తెలుగువాడైన ఆనాటి ప్రధాని పి.వి. నరసింహారావుకు కోటి రూపాయలు అందజేశానని ఆరోపించినప్పుడు దేశం నివ్వెరపోయింది. పి.వి. దానిని ఖండించారు. ఆ ఆరోపణ ఏ న్యాయస్థానంలోనూ రుజువు కాలేదు. కాని కోటి రూపాయలు ఒక పెట్టెలో పడతాయా లేదా అన్న చర్చలో పడి జనం అసలు ప్రశ్నను చాలాకాలం మరచిపోయారు. వెనుక సరుకు ఉన్నదో లేదో చూడకుండా అన్ని బ్యాంకులు రసీదులు ఎట్లా పుచ్చుకొన్నాయన్నది ఆ అసలు ప్రశ్న.

మారుతీ ఉద్యోగ్ సొమ్ముకు సంబంధించిన కేసులో 1999లో హర్షద్‌కు అయిదేళ్ల శిక్ష పడింది. 2001 డిసెంబరు 31న, ఠాణే జైలులో ఉండగా గుండె నొప్పి వచ్చి మరణించాడు. అప్పటికి వయస్సు 47 ఏళ్లు.

అదే ఏడాది మార్చిలో కేతన్ పారేఖ్ అనే మరొక దళారీ వ్యవహారం బయటపడి బజారు మళ్లీ కూలింది. జూలైలో యూనిట్ ట్రస్టువారు తమ ‘యు.ఎస్. 64’ యూనిట్లను తిరిగి కొనడం ఆరునెలల పాటు ఆపివేశారు. షేరు అంటే భయపడి, ప్రభుత్వ నీడ ఉన్నది గదా అని యూనిట్లు కొనుక్కున్న పింఛనుదార్లు ఉన్నపళంగా చిక్కుబడ్డారు. మంట బొంబాయిలో లేచినా పొగ ప్రతి ఊరి విశ్రాంత ఉద్యోగి ఇంట్లోనూ కమ్ముకొన్నది.

హైదరాబాదు అధ్యాయం

ఇదంతా దళాల్ వీధి పాపమని తెలుగువారు తప్పుకోవడానికి వీలు లేదు. ఈ కథలోని రెండు పెద్ద అధ్యాయాలు హైదరాబాదులోనే రాయబడ్డాయి.

బైర్రాజు రామలింగరాజు 1987లో స్థాపించిన సత్యం కంప్యూటర్స్ తెలుగు యువతకు అమెరికా దారి చూపిన సంస్థలలో ఒకటి. 2008 సెప్టెంబరులో, ఉత్తమ కంపెనీ పాలనకు ఇచ్చే ‘గోల్డెన్ పీకాక్’ పురస్కారం దానికి లభించింది. నాలుగు నెలలు కూడా తిరగకముందే, 2009 జనవరి 7న రామలింగరాజు డైరెక్టర్లకు ఒక లేఖ రాశాడు. లెక్కల పుస్తకాలలో చూపిన నగదు, బ్యాంకు నిల్వలు 5,361 కోట్లు. అందులో 5,040 కోట్లు అసలు లేనే లేవు. రాని వడ్డీ 376 కోట్లు వచ్చినట్లు చూపారు. 1,230 కోట్ల అప్పు చూపనే లేదు. రావలసిన బాకీలను 490 కోట్లు ఎక్కువ చేసి రాశారు. మొత్తం 7,136 కోట్లు. పులి మీద స్వారీ చేస్తున్నవాడికి దిగే ఉపాయం తెలియని స్థితి తనదని ఆ లేఖలో ఒప్పుకొన్నాడు. ముందురోజు 179 రూపాయలున్న షేరు ఆ సాయంత్రానికి 40 రూపాయలకు దిగజారింది.

ఇక్కడ కూడా కిటుకు రసీదుదే. బ్యాంకులలో ఉన్నట్లు చూపిన ఫిక్స్‌డ్ డిపాజిట్ల రసీదులు నకిలీవని దర్యాప్తులో తేలింది. ఏటా లెక్కలు తనిఖీ చేసిన పేరుమోసిన ఆడిటర్లు, ఆ నిల్వల మాట నిజమో కాదో బ్యాంకుల నుండి తిన్నగా రూఢి చేసుకొని ఉంటే అంత పెద్ద బొంకు నిలిచేది కాదు. 2015 ఏప్రిల్ 9న హైదరాబాదులోని ప్రత్యేక న్యాయస్థానం రామలింగరాజుతో సహా పదిమందికి ఏడేళ్ల శిక్ష విధించింది. మే నెలలో పై న్యాయస్థానం ఆ శిక్షను నిలిపి బెయిలు ఇచ్చింది. అయిదేళ్ల తరువాత ఆయన కథను కూడా తెర మీదికి తేబోయారు. అక్రమాల ఆరోపణలు ఎదుర్కొన్న సంపన్నులపై 2020లో నెట్‌ఫ్లిక్స్ తీసిన డాక్యుమెంటరీ మాలికలో ఆయన భాగం, హైదరాబాదు న్యాయస్థానం ఉత్తర్వు కారణంగా మిగిలినవాటితో పాటు విడుదల కాలేదు.

రెండవ అధ్యాయం కార్వీ స్టాక్ బ్రోకింగ్‌ది. దేశమంతటా శాఖలున్న ఈ హైదరాబాదు సంస్థపై 2019 నవంబరు 22న సెబీ మధ్యంతర ఉత్తర్వు జారీ చేసింది. ఖాతాదారులు ఇచ్చిన అధికార పత్రాలను అడ్డం పెట్టుకొని వారి షేర్లను తన ఖాతాకు మార్చుకొని, వాటిని బ్యాంకుల వద్ద కుదువబెట్టి అప్పు తెచ్చినది ఆ సంస్థ. ఆ షేర్ల విలువ 2,000 కోట్ల రూపాయలకు పైమాట. ఖాతాదారులకు తమ షేర్లు తమ పేరనే ఉన్నట్లు తోచేది. డిసెంబరు 2న డిపాజిటరీ సంస్థ సుమారు 83,000 మందికి వారి షేర్లు తిరిగి ఇప్పించగలిగింది. సంస్థ అధిపతి సి. పార్థసారథిని 2021 ఆగస్టులో హైదరాబాదు పోలీసులు అరెస్టు చేశారు. 2023 ఏప్రిల్‌లో సెబీ సంస్థనూ అధిపతినీ ఏడేళ్లపాటు బజారు నుండి వెలివేసి, మొత్తం 21 కోట్ల రూపాయల జరిమానా విధించింది.

బ్యాంకు రసీదు, డిపాజిట్టు రసీదు, షేర్ల ఖాతా. కాలం మారింది, సాధనం మారింది, ఊరు మారింది. మోసం మాత్రం ఒక్కటే. సరుకు ఉన్నదని ఒకడు రాసి ఇచ్చాడు. చూడవలసినవాడు సరుకు వైపు చూడకుండా రాతను చూసి తృప్తి పడ్డాడు.

తాళాలు మారాయి

ప్రతి దోపిడీ తరువాత ఒక కొత్త తాళం పడింది. ఇది చెప్పకపోతే కథ సగమే చెప్పినట్లవుతుంది.

1992 తరువాత నేషనల్ స్టాక్ ఎక్స్చేంజి వెలిసింది. 1994 నవంబరులో షేర్ల వ్యాపారం అందులో కంప్యూటరు తెర మీద మొదలైంది. బొంబాయి అంగడిలో కేకలు వేసి ధర నిర్ణయించే పద్ధతి పోయింది. 1996లో డిపాజిటరీ వ్యవస్థ వచ్చి షేరు కాగితమే మాయమైంది. దొంగ సర్టిఫికెట్ల బెడద దానితో తీరింది. ప్రభుత్వ రుణపత్రాల లెక్క గుమాస్తా కలాన్ని వదిలి యంత్రానికి ఎక్కింది. సత్యం తరువాత 2013లో కొత్త కంపెనీల చట్టం వచ్చి, ఒకే ఆడిటరు ఏళ్ల తరబడి ఒకే కంపెనీలో పాతుకుపోకుండా కట్టడి చేసింది. ఆడిటర్లను విచారించే జాతీయ సంస్థ 2018లో ఏర్పడింది. కార్వీ తరువాత, షేర్లు ఖాతాదారుని సొంత ఖాతాను వదలకుండానే, అతని అంగీకారం యంత్రంలో నమోదైన మీదటనే కుదువబెట్టే విధానం 2020 సెప్టెంబరు నుండి అమలైంది.

కాని ఈ జాబితాను ఒకసారి వెనుక నుండి చదివితే చేదు నిజం ఒకటి కనిపిస్తుంది. ప్రతి తాళమూ దొంగ పోయిన తరువాత వేసినదే. నియంత్రణ సంస్థ నిన్నటి దొంగ వచ్చిన తలుపు దగ్గర కూర్చుంటుంది. రేపటి దొంగ కిటికీల కోసం చూస్తూ ఉంటాడు. అయితే సెబీకి చట్టబలం రాని రోజులతో పోలిస్తే, కార్వీ బాధితులలో అధిక సంఖ్యాకులకు పది రోజులలోనే షేర్లు తిరిగి దక్కడం కొట్టిపారేయదగిన ప్రగతి కాదు. కావలివానికి బలమిస్తే ఏమవుతుందో చెప్పడానికి ఇంతకంటే సాక్ష్యం అక్కరలేదు.

ధారావాహిక వదలిన ముఖాలు

ధారావాహికపై ఒక విమర్శ బలంగా ఉన్నది. చాల్ గదిలో పెరిగి సముద్రతీరపు భవంతికి చేరిన హర్షద్ మీద, అతని లెక్సస్ కారు మీద, అతని మాటకారితనం మీద కెమెరా ఎంతో ప్రీతి చూపింది. చూసినవారిలో కొందరికి అతడు మోసగాడుగా కాక, గొప్పవాళ్ల కోటలోకి చొరబడిన సామాన్యుడుగా గుర్తుండిపోయాడు. చిక్కులు లేకపోతే మజా లేదన్న అతని ధోరణిని కుర్రకారు నినాదంగా చేసుకొన్నారు.

ఇందులో దర్శకుని తప్పు కొంత, చూసేవారి తప్పు కొంత ఉండవచ్చు. మోసగాడికి పేరున్నది, ముఖమున్నది, మాటలున్నవి. మోసపోయినవారు లక్షలు, వారికి ఒక ముఖం ఉండదు. కూతురి పెళ్లికని దాచిన సొమ్ముతో శిఖరాన ఉన్న ధరకు షేర్లు కొని ఏప్రిల్ 28న గుడ్లు తేలవేసిన గుమాస్తాపై పది భాగాలు ఎవరు తీస్తారు? కాబట్టి ఆ గుమాస్తాను ప్రేక్షకుడే తన మనస్సులో చిత్రించుకోవాలి. అప్పుడు గాని కథ పూర్తి కాదు.

నేడు ఆ గుమాస్తాల సంఖ్య ఎన్నో రెట్లు పెరిగింది. 2020 మార్చిలో దేశంలో ఉన్న డీమాట్ ఖాతాలు సుమారు 4 కోట్లు. 2025 మార్చి నాటికి అవి 19 కోట్లు దాటాయి. దళారీ గడప తొక్కవలసిన పని లేకుండా చేతిలోని ఫోను మీదనే అంతా సాగిపోతున్నది. బారిడీహ్ క్వార్టరులో షిఫ్టు దిగి వచ్చిన యువకుడు భోజనం వడ్డించేలోగా షేరు కొని అమ్మగలడు. పదవీ విరమణనాడు తండ్రి చేతికి అందే భవిష్యనిధి, గ్రాట్యుటీ సొమ్ము ఎక్కడ పెట్టాలో కూడా ఆ ఫోనే సలహా చెబుతున్నది.

అందుకే 1992 కథ వారికి పాతది కాదు. దాని నుండి నేర్వవలసిన పాఠం చాలా చిన్నది. పాటించడానికి పెద్ద చదువు అక్కరలేదు. సలహా చెప్పేవాడు, సొమ్ము పుచ్చుకొనేవాడు సెబీ వద్ద నమోదైన వ్యక్తి అవునా కాదా అన్నది ఆ సంస్థ జాబితాలో ఎవరైనా చూసుకోవచ్చు. దళారీ పంపే లెక్కతో తృప్తి పడకుండా, డిపాజిటరీ సంస్థలు తిన్నగా ఖాతాదారునికే పంపే ఏకీకృత ఖాతా వివరం తెరచి, తన షేర్లు తన పేరనే ఉన్నవో లేవో సరిచూసుకోవచ్చు. చదవకుండా సంతకం పెట్టిన అధికార పత్రం ఒక్కటైనా ఎవరి చేతిలోనూ లేకుండా చూసుకోవచ్చు. లాభం తప్పదని హామీ ఇచ్చేవాడిని గుమ్మంలోనే నిలిపి సాగనంపవచ్చు.

ఈ పనులన్నిటికీ మూలం ఒక్కటే: రసీదు పుచ్చుకొనే ముందు గిడ్డంగిలోకి తొంగి చూడటం. స్టేట్ బ్యాంకు ఆ పని చేయలేదు. సత్యం లెక్కలు తనిఖీ చేసినవారు చేయలేదు. కోట్ల రూపాయల జీతాలు పొందే పెద్దలు విస్మరించిన ఆ పనిని ఒక విలేకరి చేసింది. కాగితం చూపమని అడిగింది. అంతటితో మేడ కూలింది.

1907లో డబ్బు కట్టిన ఆ 8,000 మందికి సాక్చిలో కొలిమి వెలుగుతుందని ఎవరూ హామీ పత్రం రాసి ఇవ్వలేదు. వారూ నమ్మకం మీదనే ఇచ్చారు. అయితే అయిదేళ్లకు ఆ నమ్మకం ఉక్కు దిమ్మెగా కళ్లెదుట నిలిచింది. తట్టి చూడవచ్చు, తూకం వేయవచ్చు. నమ్మకం లేనిదే షేరు బజారు లేదు, ఉక్కు నగరం లేదు, బారిడీహ్ లేదు. కాని తట్టి చూడనివ్వని నమ్మకాన్ని ఎవరైనా అమ్మజూపినప్పుడు, అది ఎంత చౌకగా వచ్చినా కొనకుండా ఉండటమే మేలు.